పంతొమ్మిదేళ్ళ అమానతు

గత షాబాన్ నెలలో మేము ఇల్లు మారవలసి వచ్చింది. కొండాపూర్‌లోని మసీదు బండ వద్ద ఇరవై రెండేళ్ళుగా మేమున్న రెండు గదుల వాటాను పడగొట్టి, ఆ స్థలంలో అపార్టుమెంటు కట్టాలని యజమాని నిశ్చయించుకున్నాడు. సామాను సర్దుతుండగా మా ఇంటావిడ పాత ట్రంకు పెట్టె అడుగు నుండి చేతిరుమాలులో కట్టిన ఒక చిన్న మూట తీసి నా ముందుంచి, "ఇదేమిటండీ?" అని అడిగింది. విప్పి చూశాను. అందులో ఒక పాత నోకియా 3310 ఫోను, విడిగా దాని బ్యాటరీ, నా దస్తూరీతో ఉర్దూలో రాసిన ఒక చీటీ ఉన్నాయి. చీటీలో ఒక పిల్లవాడి పేరు, 2006వ సంవత్సరపు ఒక తేదీ, 'తండ్రి వచ్చినప్పుడు ఇవ్వవలెను' అన్న మాట కనిపించాయి.

తండ్రి రాలేదు. నేను ఇవ్వలేదు. ఆ సంగతే మరచిపోయాను. ఒకరి వస్తువు మన దగ్గర ఉండిపోవటం ఎంత సులువో, దానిని నిశ్చింతగా మరచిపోవటం అంతకంటే సులువు. పిల్లల చేతిలోని ఫోను గురించి ఈనాడు ప్రతి ఇంటిలోనూ ఏదో ఒక తగవు నడుస్తూనే ఉన్నది కనుక, నా పొరపాటును పాఠక సోదర సోదరీమణుల ముందు ఉన్నదున్నట్లు చెప్పుకోవాలనిపించింది.

నేను కర్నూలు జిల్లాలోని ఒక పల్లెలో పుట్టాను. ఏడో తరగతి దాకా తెలుగు బడిలో చదివి, ఆ తరువాత మదరసాలో చేరి ఎనిమిదేళ్ళు అరబీ వ్యాకరణం, ఫిఖహ్, హదీసు అభ్యసించాను. 2003లో కొండాపూర్ వచ్చాను. అప్పటికి హైటెక్ సిటీలో సైబర్ టవర్స్ ప్రారంభమై అయిదేళ్ళు కావస్తున్నది. 1998 నవంబరులో నాటి ప్రధాని వాజ్‌పేయి గారు దానిని ప్రారంభించారు. అయినా మా వైపు ఇంకా సగం పల్లెగానే ఉండేది. ఎటు చూసినా సీతాఫలం పొదలు, ఏనుగుల మందల వంటి రాతి గుండ్లు. పగలంతా ఆ గుండ్లను పేల్చే మందు చప్పుడు. గుండు పోయిన చోట గొయ్యి, గొయ్యి ఉన్న చోట పునాది, పునాది మీద అంతస్తులు. ఆ అంతస్తులు కట్టే కూలీలు పాలమూరు నుండి, రాయచూరు వైపు నుండి, ఇంకా దూరాల నుండి వచ్చి, కడుతున్న భవనాల సెల్లార్లలోనే కాపురాలుండేవారు. వారి పిల్లలలో ముస్లిములైనవారు మగ్రిబ్ నమాజు తరువాత మా మసీదులోని మక్తబ్‌కు వచ్చేవారు. పగలు మదరసాలో పెద్ద విద్యార్థులకు, సాయంత్రం మక్తబ్‌లో ఈ పిల్లలకు నేను పాఠం చెప్పేవాణ్ణి.

ఆ పిల్లవాడికి అప్పుడు పదకొండేళ్ళు. తండ్రి టైల్స్ పరిచే మేస్త్రీ. మహబూబ్‌నగర్ జిల్లా నుండి వచ్చిన కుటుంబం. వాడికి ఒక సబఖ్ రావటానికి మూడు రోజులు పట్టేది. నా హాజరు పుస్తకంలో వాడి పేరు పక్కన 'జ్ఞాపకశక్తి తక్కువ' అని రాసుకున్నాను.

ఒకనాడు పాఠం నడుస్తుండగా కరెంటు పోయింది. మసీదు వరండా అంతా చీకటి కమ్మింది. కొవ్వొత్తి వెలిగించేలోగా, ముప్పై మంది పిల్లలలో ఒక్కడి ముఖం మాత్రం లేత ఆకుపచ్చ వెలుగులో కనిపించింది. వాడు రిహల్ చాటున తల వంచుకొని, కింది పెదవి పంటితో నొక్కిపట్టి, రెండు బొటనవేళ్ళతో ఏదో ఒత్తుతున్నాడు. కరెంటు పోయిన సంగతే వాడికి తెలియలేదు.

దగ్గరికి వెళ్ళి చెయ్యి చాచాను. వాడు ఉలిక్కిపడి తలెత్తి, "ఒక్క నిమిషం హజ్రత్, పెద్దది వచ్చింది" అన్నాడు.

ఆ పెద్దది ఏమిటో నేను అడగలేదు. ఫోను లాక్కున్నాను. వెనుక మూత తీసి బ్యాటరీ ఊడదీశాను. అంతటితో ఆగినా బాగుండేది. కొవ్వొత్తి వెలిగిన తరువాత పిల్లలందరూ వినేటట్లు, "సబఖ్ గుర్తుండదు కాని ఇది మాత్రం బాగా గుర్తుంటుంది" అన్నాను. పిల్లలు నవ్వారు. వాడు తల దించుకున్నాడు. "మీ నాన్నను పంపించు, ఆయన చేతికే ఇస్తాను" అని చెప్పి, చీటీ రాసి, ఫోనును రుమాలులో కట్టాను.

తండ్రి రాత్రి తొమ్మిది దాకా పనిలో ఉండే మనిషి. ఆయనకు తీరిక ఉండదని నాకు తెలుసు. తెలిసి కూడా ఆ షరతు పెట్టాను. పిల్లవాడు మరో రెండు వారాలు మౌనంగా వచ్చి పోయాడు. ఆ తరువాత కనిపించలేదు. భవనం పని అయిపోయి వాళ్ళు వెళ్ళిపోయారని తోటి పిల్లలు చెప్పారు. మియాపూర్ అని ఒకడన్నాడు. కొత్త విమానాశ్రయం కడుతున్నారు కదా, శంషాబాదు పోయారని మరొకడన్నాడు. నేను రెండు రోజులు ఎదురుచూసి, మూటను ట్రంకు పెట్టెలో వేశాను.

ఇల్లు మారిన వారానికి మా మేనల్లుడు చూడవచ్చాడు. వాడు హైటెక్ సిటీలో ఒక సాఫ్ట్‌వేర్ సంస్థలో పనిచేస్తున్నాడు. ఫోను చూడగానే చిన్నపిల్లవాడివలె సంబరపడి, "మామూ, ఇందులో స్పేస్ ఇంపాక్ట్ ఉంటుంది!" అన్నాడు. మరునాడు ఎక్కడి నుండో ఒక బ్యాటరీ, లావు పిన్ను ఉన్న పాత చార్జరు తెచ్చాడు. కొంతసేపు చార్జింగు పెట్టి మీట నొక్కితే, పంతొమ్మిదేళ్ళు నిద్రించిన ఆ యంత్రం లేచింది. తెరపై రెండు చేతులు ఒకదానినొకటి అందుకున్నాయి. లోపలి సిమ్ము ఎప్పుడో చెల్లుబాటు తప్పినది. మాట్లాడే పనికి రాదు కాని, ఆటకు కొరత లేదు.

ఆ ఆట గురించి మా మేనల్లుడు చెప్పిన వివరాలు నన్ను ఆశ్చర్యపరిచాయి. తుపాకీ గుళ్ళ ఆటలన్నిటికీ ఒక పెద్దన్న వంటిది 1978లో జపానులో పుట్టిన స్పేస్ ఇన్వేడర్స్. టైటో అనే సంస్థలో తొమొహిరో నిషికాదో అనే ఇంజనీరు దానిని తయారుచేశాడు. పైనుండి బారులు తీరి దిగే శత్రువులను కింద ఉన్న ఆటగాడు కాల్చాలి. మనుషులను కాల్చే ఆట వద్దని సంస్థ పెద్దలు అనటం వల్ల ఆ శత్రువులు వేరే లోకపు జీవులయ్యారట. శత్రువులు తగ్గేకొద్దీ మిగిలినవి వేగంగా కదులుతాయి. ఇది ముందుగా తలచి పెట్టినది కాదు. గీయవలసిన బొమ్మలు తగ్గితే ఆ చిన్న యంత్రానికి పని తేలికై, దానంతట అదే వేగం పెరిగింది. ఆట రక్తి కడుతున్నదని నిషికాదో దానిని అలాగే ఉంచేశాడు.

ఆ ఆటలో రంగస్థలం కదలదు. 1981లో కొనామి సంస్థ తెచ్చిన స్క్రాంబుల్ వంటి ఆటలలో నేల, కొండలు తెర కుడి వైపు నుండి ఎడమ వైపుకు జరిగిపోవటం మొదలైంది. 1989లో జపానుకే చెందిన నింటెండో సంస్థ గేమ్ బాయ్ అనే చేతి యంత్రాన్ని తెచ్చింది. దానిని రూపొందించిన బృందానికి పెద్ద గున్‌పే యొకోయి. ఆయన నింటెండోలో మొదట యంత్రాలు బాగుచేసే పనిలో చేరిన మనిషి. కొత్త సాంకేతికత వెంట పరుగెత్తక, పాతబడి చవక అయినదానితోనే కొత్త ఉపయోగం సాధించాలన్నది ఆయన పద్ధతి. అందుకే గేమ్ బాయ్ తెరకు రంగులు లేవు, నాలుగు చిన్న బ్యాటరీలతో చాలా గంటలు నడిచేది. మరుసటి ఏడాదే ఈ కోవకు చెందిన సోలార్ స్ట్రైకర్ అనే ఆటను నింటెండో దాని కోసం విడుదల చేసింది.

గేమ్ బాయ్ మన ఇళ్ళలో అరుదు. మన కూలీల పిల్లలకు ఆ ముచ్చట తీర్చినది నోకియా ఫోనే. 3310 నమూనా 2000వ సంవత్సరంలో విడుదలైంది. ప్రపంచమంతటా సుమారు 12 కోట్ల 60 లక్షల ఫోన్లు అమ్ముడుపోయాయి. మన దేశంలో 2003 నుండి, వచ్చే కాల్‌కు డబ్బు కట్టే పద్ధతి పోయింది. దానితో ఫోను బాబుల జేబులలో నుండి మేస్త్రీల చొక్కా జేబులలోకి దిగింది. పాతవి చవకగా చేతులు మారసాగాయి. 3310 తెర అడ్డంగా 84 చుక్కలు, నిలువుగా 48 చుక్కలు. మొత్తం 4,032 చుక్కలు. ఆ కాసిన్ని నల్ల చుక్కలలోనే ఒక విమానం, దానికి ఎదురు వచ్చే శత్రువులు, కింద కొండలు, ఒక్కొక్క లెవెల్ చివర ఒక పెద్ద శత్రువు. ఇలాంటివి ఎనిమిది లెవెళ్ళు. ఆ చివరి శత్రువును చూడగానే నాకు చప్పున అర్థమైంది. ఆనాడు పిల్లవాడు చెప్పిన 'పెద్దది' ఇదే. ఎంతో కష్టపడి అక్కడి దాకా వచ్చిన ఘడియలోనే నేను బ్యాటరీ ఊడదీశాను.

పాఠకులు నవ్వుకున్నా సరే, నిజం చెబుతాను. ఇంటిలో అందరూ నిద్రపోయిన తరువాత ఆ ఆట ఆడి చూశాను. మొదటి రోజు మొదటి లెవెల్ సగం కూడా దాటలేదు. మూడు ప్రాణాలూ చిటికెలో అయిపోయాయి. నాలుగో రోజున ఒక సంగతి గ్రహించాను. ఆటలో మన విమానం ముందుకు పోతున్నట్లు తోస్తుంది కాని, నిజానికి అది తెర మీద దాదాపు ఉన్న చోటనే ఉంటుంది. జరిగిపోయేది లోకం. దానిని ఆపలేము, వెనుకకు తిప్పలేము. కాస్త అటో ఇటో తప్పుకోవటం, వేళకు మీట నొక్కటం మాత్రమే మన చేతిలో ఉన్నది. ఇంకొక సంగతి మా మేనల్లుడు చెప్పాడు. ఇటువంటి పాత ఆటలలో ఏ శత్రువు ఎప్పుడు ఎక్కడ నుండి వస్తుందో సాధారణంగా ముందే నిర్ణయమై ఉంటుంది. దానిని మళ్ళీ మళ్ళీ ఆడి కంఠతా పట్టినవాడే గట్టెక్కుతాడు. అంటే హిఫ్జ్ చేసేవాడు ఆయతు వెంట ఆయతును పేర్చుకున్నట్లు, వాడు శత్రువు వెంట శత్రువును పేర్చుకుంటాడు.

ఆ మాట వినగానే నా హాజరు పుస్తకంలోని 'జ్ఞాపకశక్తి తక్కువ' అన్న ముక్క గుర్తుకు వచ్చింది. ఫోనులో 'టాప్ స్కోర్' అనే చోట ఒక సంఖ్య ఉన్నది. బ్యాటరీ లేకున్నా అది చెరిగిపోలేదు. నేను పదిహేను రోజులు తంటాలు పడినా దానిలో పదో వంతును చేరలేకపోయాను. ఇంత సాధించిన బుర్రను పట్టుకొని నేను మొద్దు అన్నానే అని మనసు కుంగిపోయింది. ఈ అంచనా కూడా తప్పని తరువాత తేలింది. అది ముందు చెబుతాను.

హదీసు గ్రంథాలలో ఒక చిన్న ఉదంతం ఉన్నది. హజ్రత్ అనస్ (ర) గారి తమ్ముడు అబూ ఉమైర్ పసివాడు. ఒక చిన్న పిట్టను పెంచుకొని దానితో ఆడుకునేవాడు. ఆ పిట్ట చనిపోయింది. దైవప్రవక్త (స) వారి ఇంటికి వచ్చినప్పుడు పిల్లవాడి దిగులు గమనించి, ఆ పిట్ట సంగతి ఆ పిల్లవాడినే ప్రేమగా అడిగారు. ఉదంతం ఇంతే. హిజ్రీ నాలుగో శతాబ్దపు షాఫయీ పండితులు ఇబ్నుల్ ఖాస్ ఈ ఒక్క ఉదంతం నుండి అరవై ప్రయోజనాలు వెలికితీసి ఒక చిన్న గ్రంథమే రాశారు. నేను ఏటేటా ఈ పాఠం చెబుతాను. పిట్టను పెంచవచ్చునా, పిల్లలను కున్యతుతో పిలవవచ్చునా, పరాచికం ఆడవచ్చునా అని ఒక్కొక్క మసలా వేళ్ళ మీద లెక్కించి చెబుతాను. విద్యార్థులు రాసుకుంటారు. కాని ఆ ఉదంతంలో అన్నిటికంటే ముందు కంటికి కనిపించేది నాకు ఇన్నేళ్ళూ కనిపించలేదు. ఒక సమాజపు భారమంతా మోస్తున్న మహనీయుడు ఒక పసివాడి ఆటవస్తువు గురించి ఆగి అడిగారు. ముప్పై మంది పిల్లల భారం మోస్తున్న నేను ఒక్క మాట అడగలేకపోయాను.

రెండో సంగతి అమానతు. దైవప్రవక్త (స) మక్కా విడిచి వెళ్ళిన రాత్రి, ప్రజలు తన వద్ద దాచుకున్న వస్తువులను ఎవరివి వారికి అప్పగించి రావటం కోసం హజ్రత్ అలీ (ర)ని వెనుక ఉంచి వెళ్ళారు. ఆ వస్తువులలో తనకు శత్రువులైనవారివి కూడా ఉన్నాయి. ప్రాణాపాయంలో ఉన్న ఘడియలో కూడా ఎవరి వస్తువు వారికి చేరాలన్నది ఆయన పట్టుదల. నాకు ఏ ఆపదా లేదు. ట్రంకు పెట్టె ఇంటిలోనే ఉన్నది. తౌబా విషయంలో మేము పిల్లలకు చెప్పే మొదటి పాఠం ఏమిటంటే, అల్లాహ్ పట్ల చేసిన తప్పుకు అల్లాహ్‌నే వేడుకోవాలి, మనిషి హక్కు కాజేస్తే ఆ మనిషికి దానిని తిరిగి ఇవ్వాలి, అతని నుండి క్షమాపణ పొందాలి. ఈ పాఠం చెప్పిన నోరు నాదే.

ఇక వెదకటం మొదలుపెట్టాను. ఆ పిల్లవాడి మేనమామ ఆబిడ్స్‌లోని జగదీశ్ మార్కెట్‌లో ఫోన్లు బాగుచేసేవాడని పిల్లలెవరో అప్పట్లో అనగా విన్నాను. ఆధారం అదొక్కటే. మూడు సార్లు వెళ్ళాను. సన్నని సందులు, అరచేయి అంత అంగళ్ళు. పంతొమ్మిదేళ్ళ కిందటి పనివాణ్ణి ఎవరు గుర్తుపెట్టుకుంటారు? మూడోసారి ఒక ముసలి మెకానిక్కు, కంటి అద్దం తీసి చీటీలోని ఊరి పేరు విని, "ఆయన ఎప్పుడో దుబాయి పోయిండు మౌలానా, తమ్ముడి నంబరు ఉన్నది" అన్నాడు. ఆ తమ్ముడి ద్వారా పిల్లవాడి నంబరు దొరికింది. పిల్లవాడు అంటున్నాను కాని అతనికి ఇప్పుడు ముప్పై ఏళ్ళు. తండ్రి పనే చేస్తున్నాడు. కోకాపేటలో ఆకాశాన్నంటే ఒక భవనంలో టైల్స్ పని ఒప్పుకొని, చేతి కింద ఎనిమిది మందిని పెట్టుకున్నాడు. మా ఇంటికి పట్టుమని పది కిలోమీటర్లు లేదు.

జుహర్ తరువాత భోజనం వేళకు వెళ్ళాను. సిమెంటు బస్తాల మీద గుడ్డ పరిచి నన్ను కూర్చోబెట్టాడు. రుమాలు మూట అతని ముందుంచి, జరిగినది నా నోటితోనే చెప్పి, "బేటా, ఇది నీది. ఇన్నేళ్ళు నా దగ్గర ఉంచుకోవటం తప్పు. అందరి ముందు నిన్ను అన్న మాట ఇంకా పెద్ద తప్పు. నన్ను మన్నించు" అన్నాను. అతడు చాలాసేపు మూటను విప్పనే లేదు.

"రెండుసార్లు మీ రూము మెట్ల దాకా వచ్చిన హజ్రత్" అన్నాడు చివరికి. "మీ చెప్పులు బయట కనబడ్డయి. భయమైంది. వాపసు పోయిన."

ఆ మాట నన్ను తాకినంతగా మరే నింద తాకేది కాదు. తండ్రి రాలేదని ఇన్నాళ్ళూ అనుకున్నాను. పిల్లవాడు వచ్చాడు. రెండుసార్లు వచ్చాడు. నా చెప్పులే అతణ్ణి వెనుకకు పంపాయి.

వాతావరణం తేలికపరచాలని, అతని జ్ఞాపకశక్తిని నేను ఎంత తక్కువగా తలచానో, ఆ టాప్ స్కోర్ చూసి ఎంత సిగ్గుపడ్డానో చెప్పాను. అతడు ఫోను తెరిచి, సరాసరి ఆ చోటికి పోయి, సంఖ్య చూసి ఫక్కున నవ్వాడు.

"ఇది నాది కాదు హజ్రత్, అమ్మది."

నేను తెల్లబోయాను. అతడు చెప్పుకొచ్చాడు. తండ్రి రాత్రి ఆలస్యంగా వచ్చేవాడు. కడుతున్న భవనంలో, తలుపులు లేని సెల్లారులో, పిల్లలు నిద్రపోయాక తల్లి ఒక్కతే మేలుకొని కూర్చునేది. నిద్ర రాకుండా ఉండటానికి తమ్ముడు ఇచ్చిన ఆ మైకు పాడైన ఫోనులో ఈ ఆట ఆడేది. ఆమెకు అక్షరం రాదు. అంకెలు మాత్రం కూలి లెక్క కోసం నేర్చుకున్నది. కొడుకు ఆమె లెక్క దాటాలని పట్టుబట్టి, ఫోనును దొంగచాటుగా మక్తబ్‌కు తెచ్చుకున్నాడు. ఆనాడు కరెంటు పోయిన ఘడియలో అతడు దానికి దగ్గరగా వచ్చాడు. ఫోను పోయిందని తెలిసి మేనమామ ఏమీ అనలేదు. తల్లి మాత్రం రెండు రోజులు మాట్లాడలేదట.

అంటే నేను లాక్కున్నది ఒక పిల్లవాడి ఆటవస్తువును మాత్రమే కాదు. చీకటిలో భర్త కోసం కాచుకొని కూర్చున్న ఒక తల్లికి ఉన్న ఒకే ఒక కాలక్షేపాన్ని. మొదట పిల్లవాణ్ణి మొద్దు అనుకున్నాను. తరువాత మేధావి అనుకున్నాను. రెండుసార్లూ నాలో నేనే తీర్పు చెప్పుకున్నాను. అడిగి ఉంటే మొదటి రోజే అంతా తెలిసేది.

అతడు అక్కడి నుండే ఊరిలో ఉన్న తల్లికి ఫోను కలిపి నా చేతికిచ్చాడు. నేను సలాం చేసి సంగతి చెప్పాను. ఆమె మొదట అడిగిన మాట, "ఇంకా ఉన్నదా సాబ్ అది? నా లెక్క గట్లనే ఉన్నదా?" ఉన్నదని చెప్పాను. ఆమె నవ్వు వినిపించింది. క్షమించమని అడిగాను. "మీరు పారేయలేదు గద సాబ్, దాచిండ్రు. అల్లా మీకు మంచిగ చెయ్యాలె" అన్నది. పారవేయకపోవటం నా మంచితనం కాదని, ట్రంకు పెట్టె అడుగున మరచిపోవటమని చెప్పాలనుకున్నాను. గొంతు పెగలలేదు.

బయలుదేరేటప్పుడు అతడు లిఫ్టు దాకా వచ్చాడు. తనకు ఆరేళ్ళ కొడుకున్నాడని చెప్పి, "వాని చేతిల నుంచి ఫోను నేను గూడ గట్లనే గుంజుకుంట హజ్రత్, మీరు గుంజుకున్నట్లే" అన్నాడు నవ్వుతూ. నేను నవ్వలేకపోయాను. ఉస్తాదు నేర్పిన పాఠాలలో ఏది నిలుస్తుందో, ఏది జారిపోతుందో ఉస్తాదు చేతిలో ఉండదు. మూడు రోజులకు రాని సబఖ్ పోయింది. ఒక్క క్షణంలో లాక్కున్న తీరు మాత్రం నిలిచింది, తరువాతి తరానికి కూడా చేరింది.

పిల్లల చేతిలో ఫోను విడిచిపెట్టండి అని నేను చెప్పటం లేదు. ఆ పాత ఆటకు, ఈనాటి ఆటలకు చాలా భేదమున్నది. దానికి ఎనిమిది లెవెళ్ళున్నాయి, అంతటితో అయిపోతుంది. మూడు ప్రాణాలు పోతే ఆగిపోతుంది. ఈనాటి ఆటలు చాలా వరకు ముగింపు లేకుండా తయారవుతున్నాయని, రోజూ తిరిగి రప్పించటానికి బహుమానాలు, మధ్యలో ప్రకటనలు, డబ్బు కట్టించే మెలికలు ఉంటాయని, ఆ రంగం తెలిసిన మా మేనల్లుడే చెబుతాడు. కనుక హద్దు పెట్టటం తల్లిదండ్రుల బాధ్యత. నమాజు వేళ, పాఠం వేళ, నిద్ర వేళ ఫోను పక్కన పెట్టించవలసిందే. అయితే హద్దు పెట్టటం వేరు, అవమానించటం వేరు. తీసి ఉంచటం వేరు, తీసుకొని మరచిపోవటం వేరు. పిల్లవాడి వస్తువు కూడా వస్తువే. అతని హక్కు కూడా హక్కే. చిన్నవాడు గనుక అడగలేడు, అంతే భేదం. అడగలేనివాని హక్కు మరింత భయపడవలసినది.

ఇప్పుడు మా మక్తబ్‌లో ఒక చెక్క పెట్టె, ఒక పుస్తకం పెట్టాను. పాఠంలో ఎవరి దగ్గరైనా ఫోనో, ఆటవస్తువో కనిపిస్తే, లాక్కోవటానికి ముందు రెండు మాటలు అడుగుతాను: "ఏమి ఆట ఇది? ఎక్కడి దాకా వచ్చావు?" ఒక్క నిమిషంలో ముగిసేదైతే ముగించనిస్తాను. ఆ నిమిషం వల్ల నా పాఠం చెడిపోలేదు. తరువాత వస్తువును పెట్టెలో వేసి, పుస్తకంలో రాసి, ఆ పిల్లవాడి చేతనే సంతకం పెట్టిస్తాను. గురువారం పాఠం ముగిశాక వస్తువు ఆ పిల్లవాడి చేతికే తిరిగి వెళుతుంది. తల్లిదండ్రులతో మాట్లాడవలసి వస్తే నేనే వారి ఇంటికి వెళతాను. నా గది ముందు చెప్పులు కూడా లోపలే విడుస్తున్నాను. ఇది విని మా ఇంటావిడ నవ్వింది కాని, తలుపు పక్కన ఒక గోనెపట్టా పరిచింది.

మసీదు బండలోని మా పాత వాటా ఇప్పుడు లేదు. ఆ స్థలంలో పునాది తీస్తున్నారు. కూలీలు వచ్చి, రేకుల కింద కాపురం పెట్టారు. వారి పిల్లలు ఇద్దరు మొన్నటి నుండి మక్తబ్‌కు వస్తున్నారు. ఫోను ఇప్పుడు పాలమూరులోని ఆ తల్లి దగ్గర ఉన్నది. బొటనవేళ్ళు మునుపటిలా సాగటం లేదని, తన లెక్క తానే దాటలేకపోతున్నానని ఆమె కొడుకుతో అన్నదట. చీటీ మాత్రం నా దగ్గరే ఉన్నది. 'ఇవ్వవలెను' అన్న మాట కింద 'ఇచ్చాను' అని రాసి, తేదీ వేసి, హాజరు పుస్తకంలో అంటించాను.

మన ఇళ్ళలో, మన పెట్టెల అడుగున, ఎవరి వస్తువులు ఎన్ని ఉన్నాయో ఒకసారి వెదికి చూసుకుందాము. అవి యజమానుల చేతికి చేరేదాకా మనకు ఆయుష్షును, అడిగేందుకు వచ్చే పిల్లలు భయపడి వెనుదిరగని గుమ్మాలను అల్లాహ్ మనకు ప్రసాదించుగాక! ఆమీన్.